గురువు చుట్టూ తిరిగే పంచాంగం: ఉజ్జయిని నుంచి జైపూర్ దాకా

శనివారం, బహుళ చతుర్దశి. హైదరాబాద్ నుంచి ఉజ్జయిని

కనుమ నాడు కాకి కూడా కదలదంటారు. అందుకని కనుమ దాటించి బయలుదేరాం, నేనూ మా బాబాయీ. ఆయనది రాజమండ్రి. లెక్కల మాస్టారుగా రిటైరయ్యారు. మా తాతయ్య దగ్గర నేర్చుకున్న పంచాంగ గణితం ఇప్పటికీ ఆయన వేళ్ళ మీదే ఉంటుంది. విమానంలో ఇండోర్ దిగి, అక్కడి నుంచి కారులో చీకటి పడేలోపు ఉజ్జయిని చేరాం.

ప్రయాణం నా కథ కోసం. కొన్ని వందల ఏళ్ళ తర్వాత మనుషులు గురుగ్రహం చుట్టూ తిరిగే చందమామల మీద స్థిరపడతారు. వాటి మధ్య ఓడలు నడుపుతారు. గానిమీడ్ వాళ్ళ ముఖ్యపట్టణం. సౌర కుటుంబంలో అన్నిటికంటే పెద్ద చందమామ అదే, బుధగ్రహం కంటే కూడా పెద్దది. మరి ఆ మనుషులకి ఈ రోజు ఏ రోజు? పండగ ఎప్పుడు? పిల్లవాడికి ఎన్నేళ్ళొచ్చాయి? ఈ మూడూ తేలకుండా కథలో ఒక్క పేజీ కూడా నమ్మకంగా రాయలేను.

అంగారకుడికి ఇలాంటి పంచాంగం ఇప్పటికే ఉంది. 1985లో థామస్ గాంగేల్ అనే అమెరికన్ తయారుచేశారు. దాని పేరు డేరియన్ క్యాలెండర్. అక్కడి ఏడాదికి 668 లేదా 669 రోజులు, మొత్తం 24 నెలలు. నెలల పేర్లు ఒకటి లాటిన్, తర్వాతది సంస్కృతం: సాజిటేరియస్ తర్వాత ధనుస్, కాప్రికార్నస్ తర్వాత మకర, అలా మన రాశులన్నీ అందులో ఉన్నాయి. మొదటిసారి చదివినప్పుడు చాలా సంతోషం వేసింది. కానీ అంగారకుడి రోజు మన రోజుకంటే నలభై నిమిషాలే ఎక్కువ, అక్కడ లెక్క సులువు. గురువు దగ్గర అలా కాదు. ఆయన సూర్యుణ్ణి ఒకసారి చుట్టి రావడానికి సుమారు 4,332 రోజులా 14 గంటలు పడుతుంది, అంటే దాదాపు పన్నెండేళ్ళు.

"పన్నెండేళ్ళకో ఉగాది అయితే మీ వాళ్ళకి పచ్చడి రుచే గుర్తుండదురా" అన్నారు బాబాయి, రాత్రి భోజనాల దగ్గర. ఆ మాట చాలాసేపు నాలో తిరిగింది. పన్నెండేళ్ళకి ఒకసారి వచ్చేదాన్ని కూడా మర్చిపోకుండా గుర్తుపెట్టుకునే జనం మనమే కదా.

ఆదివారం, అమావాస్య. క్షిప్రా తీరం

రామ్ ఘాట్ దగ్గర తెల్లవారకముందే జనం. ఇక్కడివాళ్ళకి ఇది మౌనీ అమావాస్య, మాట్లాడకుండా నదిలో మునుగుతారు. బాబాయికి ఇది చొల్లంగి అమావాస్య. చిన్నప్పుడు కాకినాడ దగ్గర చొల్లంగి తీర్థానికి వెళ్ళిన సంగతి చెప్పుకుంటూ మెట్లు దిగారు.

సంకల్పం చెప్పించిన పండా గారు "మాఘ మాసే, కృష్ణ పక్షే" అన్నారు. బాబాయి నీళ్ళల్లో నిలబడే నెమ్మదిగా "మాకు పుష్యమాసం" అన్నారు. పండా గారు నవ్వి "రేపు పొద్దునకి ఇద్దరికీ మాఘమే" అని బదులిచ్చారు. నిజమే. మన నెల అమావాస్యతో ముగుస్తుంది, వీళ్ళ నెల పున్నమితో. అందుకే శుక్ల పక్షంలో పేర్లు కలుస్తాయి, బహుళ పక్షంలో విడిపోతాయి. చంద్రుడు ఒక్కడే, తిథి ఒక్కటే, స్నానం కూడా ఒక్కటే. నెల ఎక్కడ తెగాలన్న ఒప్పందం మాత్రం వేరు.

ఘాట్ల మీద 2028 సింహస్థం గురించే మాటలు. గురువు సింహరాశిలో, సూర్యుడు మేషంలో ఉండగా ఉజ్జయినిలో కుంభమేళా జరుగుతుంది. కిందటిది 2016 వేసవిలో. గురువు అదే సింహంలోకి అడుగుపెట్టినప్పుడే మన గోదావరికి పుష్కరాలు. కిందటివి 2015 జులైలో, వచ్చేవి 2027లో. రాజమండ్రి కోటిలింగాల రేవునీ ఈ రామ్ ఘాట్‌నీ కలిపే తాడు ఆకాశంలో ఉంది, దాని కొస గురువు చేతిలో ఉంది.

అసలు సంగతి మధ్యాహ్నం తెలిసింది. గుడి దారిలో బాబాయి ఒక స్థానిక పంచాంగం కొన్నారు. తెరవగానే సంవత్సరం పేరు సిద్ధార్థి అని కనిపించింది. మన ఇంట్లో గోడ మీద విశ్వావసు. అరవై పేర్ల వరసలో విశ్వావసు ముప్పై తొమ్మిదోది, సిద్ధార్థి యాభై మూడోది. తేడా పద్నాలుగు.

ఎందుకన్నది బాబాయి కాగితం మీద చేసి చూపించారు. ప్రభవ నుంచి అక్షయ దాకా ఉన్న ఈ అరవై పేర్లూ నిజానికి గురువువే. మధ్యమ గతిలో, అంటే సగటు నడకలో, గురువు ఒక రాశి దాటడానికి సుమారు 361 రోజులు, అదే ఒక బార్హస్పత్య సంవత్సరం. అయిదుసార్లు సూర్యుణ్ణి చుట్టి వస్తే అరవై సంవత్సరాలు. ఆ కాలంలో శని దాదాపు రెండుసార్లు చుట్టి వస్తాడు. ఉత్తరాదివాళ్ళు ఈనాటికీ ఆ 361 రోజుల్నే పట్టుకున్నారు. అది సౌర సంవత్సరం కంటే నాలుగు రోజుల పైచిలుకు తక్కువ కాబట్టి, సుమారు 85 ఏళ్ళకోసారి ఒక పేరును వదిలేస్తారు. దాన్ని క్షయ సంవత్సరం అంటారు. మనం వదలడం మానేశాం. ఉగాదికి ఒక పేరు చొప్పున వరసగా చెప్పుకుపోతున్నాం.

"పద్నాలుగు పేర్లు జరిగాయంటే ఎన్నాళ్ళయిందో లెక్కెయ్" అన్నారు. పద్నాలుగు ఎనభై అయిదులు 1,190. మన పేర్లు గురువుని వదిలి సూర్యుడి వెంట వెళ్ళి ఇంచుమించు పన్నెండు వందల ఏళ్ళు.

నేను కథలో కనిపెట్టాలనుకున్న క్యాలెండర్‌లో సగం వెయ్యేళ్ళకి పైగా ఈ దేశంలో వాడుకలో ఉంది. గురువు దగ్గర బతికేవాళ్ళకి పన్నెండేళ్ళకో ఉగాది అక్కర్లేదు, రాశికో ఉగాది చాలు. 361 రోజులంటే మనిషి వయసు కూడా మన లెక్కకి దగ్గరగానే ఉంటుంది. షష్టిపూర్తి మన అరవై ఏళ్ళకి కాదు, కాస్త ముందు, యాభై తొమ్మిదేళ్ళ నాలుగు నెలలకి వస్తుంది. అంతే తేడా.

రాత్రి అమావాస్య చీకట్లో హోటల్ డాబా ఎక్కాం. తూర్పున పునర్వసు నక్షత్రాల పక్కన గురువు. చలికి శాలువా కప్పుకుని బాబాయి చాలాసేపు బైనాక్యులర్స్ దించలేదు.

సోమవారం, మాఘ శుద్ధ పాడ్యమి. వేధశాల

ఇవాళ్టి నుంచి ఉజ్జయినికీ మనకీ ఒకే నెల.

భారతీయ జ్యోతిషానికి ఈ ఊరే సున్నా రేఖ. సూర్య సిద్ధాంతం లెక్కల్లో లంక నుంచి మేరువు దాకా గీసిన గీత అవంతి, అంటే ఈ ఉజ్జయిని, మీదుగా వెళుతుంది. గ్రీనిచ్‌కి చాలా ముందు మన దేశంలో గ్రహాల లెక్కలన్నీ ఇక్కడి అర్ధరాత్రికో, సూర్యోదయానికో కట్టారు. వేరే ఊళ్ళో ఉన్నవాడు తన దూరాన్ని బట్టి దేశాంతర సంస్కారం చేసుకోవాలి, అంటే ఆ తేడా మేరకు సమయాన్ని సరిదిద్దుకోవాలి. పద్దెనిమిదో శతాబ్దంలో జైపూర్ రాజు సవాయి జై సింగ్ మాళవకి సుబేదారుగా ఉన్నప్పుడు క్షిప్రా ఒడ్డున గ్రహాల్ని పరిశీలించే ఈ వేధశాల కట్టించాడు. చిన్నది, శుభ్రంగా ఉంది, జనం పలచగా ఉన్నారు. యంత్రాల దగ్గర నిలబడి ఆలోచించుకోవడానికి జైపూర్ కంటే ఇదే బాగుందని నాకనిపించింది.

నా చేతి గడియారంలో పన్నెండయ్యేసరికి సమ్రాట్ యంత్రం అనే పెద్ద నీడ గడియారం మీద నీడ పదకొండూ ఇరవై రెండు దగ్గర ఉంది. ఆ తేడాలో ఇరవై ఏడు నిమిషాలు మన ప్రామాణిక సమయం తీసుకున్న 82.5 డిగ్రీల రేఖకీ ఉజ్జయినికీ ఉన్న దూరం. మిగతాది జనవరిలో సూర్యుడు గడియారం కంటే వెనకబడినందువల్ల. ఆవరణలోనే 2024 ఫిబ్రవరి 29న ప్రారంభించిన విక్రమాదిత్య వైదిక గడియారం ఉంది, 85 అడుగుల స్తంభం మీద. సూర్యోదయం నుంచి మళ్ళీ సూర్యోదయం దాకా ముప్పై ముహూర్తాలు చూపిస్తుంది. ఒకే ఆవరణలో మూడు సమయాలు, మూడూ సరైనవే.

గానిమీడ్ మీద ఇది ఎలా ఉంటుంది? మన చంద్రుడిలాగే అది కూడా ఎప్పుడూ ఒకే మొహం గురువు వైపు తిప్పి ఉంచుతుంది. అందువల్ల అక్కడ ఒక సూర్యోదయం నుంచి ఇంకో సూర్యోదయానికి 7 రోజులా 4 గంటలు పడుతుంది. పగలు మూడున్నర రోజులు, రాత్రి మూడున్నర రోజులు. దాన్ని ఏడుగా విడదీస్తే ఒక్కొక్కటి 24 గంటల 34 నిమిషాలు. మనిషి నిద్రకీ తిండికీ ఇబ్బంది లేని రోజు. మన వారానికి ఆకాశంలో ఏ ఆధారమూ లేదు, ఏడు గ్రహాల పేర్లు తప్ప. వాళ్ళ వారం మాత్రం కళ్ళెదుట తిరిగే వారం. ఆదివారం పొద్దు పొడుస్తుంది, బుధవారం నడిరోజుకి క్రుంకుతుంది.

ఇంకా మంచి సంగతి గ్రహణం. గురువుకి ఎదురుగా ఉండే వైపు, సరిగ్గా పగటి నడుమ సూర్యుడు గురువు వెనక్కి వెళ్ళిపోతాడు. ప్రతి వారం, తప్పకుండా. బాబాయి ఆగిపోయారు.

"వారానికో గ్రహణమా? పట్టు స్నానం, విడుపు స్నానం అన్నీ చేసేదెలా నాయనా?"

"అది వాళ్ళకి మధ్యాహ్నం బాబాయ్. మనకి నీడ పొట్టిదైతే మధ్యాహ్నం, వాళ్ళకి సూర్యుడు మాయమైతే మధ్యాహ్నం."

అక్కడే నీడ కొలిచే నిలువు కడ్డీ, శంకు యంత్రం, పక్కన కూర్చుని లెక్క వేశాను. గురువు అక్షం మూడు డిగ్రీల పైచిలుకు మాత్రమే వంగి ఉంది. అందుకే అక్కడ రుతువులు తెలియవు. కానీ ఆ కొద్ది వంపే గ్రహణం నిడివిని మార్చేస్తుంది. సూర్యుడు గురువు మధ్యరేఖకి సూటిగా ఉన్న కాలంలో గ్రహణం మూడున్నర గంటలకి పైగా సాగుతుంది. బాగా పక్కకి వంగినప్పుడు రెండు గంటల్లోపే విడుస్తుంది. మనం నీడ పొడవుతో ఉత్తరాయణం కనిపెట్టినట్టు, గానిమీడ్ పంచాంగకర్త గ్రహణం నిడివితో కనిపెడతాడు. గురువే వాళ్ళ శంకువు. ఈ ఒక్క ఆలోచన కోసమైనా ఉజ్జయిని రావాల్సిందే.

మంగళ, బుధవారాలు. రైలు, జైపూర్

మంగళవారం పొద్దున మహాకాళుడి దర్శనం. కాలానికే అధిపతి అనిపించుకున్న స్వామి ఈ సున్నా రేఖ మీద వెలసి ఉండటం బాబాయికి యాదృచ్ఛికం కాదు. ఆయన కళ్ళు తుడుచుకోవడం చూశాను, ఏమీ అడగలేదు. డోంగ్లాలో కర్కట రేఖ దగ్గరున్న వేధశాలకి వెళ్ళలేదు. అక్కడ నీడ మాయమయ్యేది జూన్ 21 ప్రాంతంలో.

రాత్రి బండెక్కి బుధవారం జైపూర్‌లో దిగాం. రాత్రంతా ఉత్తరానికి వెళ్ళినా రెండు ఊళ్ళ రేఖాంశాల తేడా సమయంలో పావు నిమిషం కూడా లేదు. ఉజ్జయిని రేఖ మీదే ప్రయాణం చేశామన్నమాట.

బండిలో నిద్ర పట్టక సర్దుబాటు లెక్క పూర్తిచేశాను. గురువు ఒకసారి సూర్యుణ్ణి చుట్టేలోపు గానిమీడ్ మీద 604.57 వారాలు గడుస్తాయి. పన్నెండు రాశులకి పంచితే రాశికి 50.38 వారాలు. సంవత్సరానికి 50 వారాలు పెడితే, ఒక చుట్టుకి నాలుగున్నర వారాల పైన మిగిలిపోతుంది. ఆ అరని ఏం చేయాలి? ఏడు చుట్లు కలిపి చూస్తే 4,231.996, అంటే 4,232 వారాలు. ఏడు చుట్లకి 32 అధిక వారాలు వేస్తే చాలు, 83 ఏళ్ళలో మిగిలే తప్పు ముప్పావు గంటలోపే. మన పంచాంగంలో 19 ఏళ్ళకి ఏడు అధిక మాసాలు వచ్చి చంద్రుణ్ణీ సూర్యుణ్ణీ కలుపుతాయి. ఇక్కడ కూడా ఆ ఏడే ఎదురయ్యేసరికి బాబాయిని లేపాలనిపించింది. లేపలేదు.

గురువారం, చవితి. జైపూర్ జంతర్ మంతర్

గురువారం నాడు ఇక్కడికి రావడం బాబాయి ఏర్పాటు.

ఇక్కడి పెద్ద సమ్రాట్ యంత్రం 27 మీటర్ల ఎత్తు. దాని నీడ సెకనుకి సుమారు ఒక మిల్లీమీటరు కదులుతుంది. చలువరాయి మీద వేలు పెడితే కాలం వేలిని దాటిపోవడం కంటికి కనిపిస్తుంది. రెండు సెకన్ల తేడాతో సమయం చెప్పగలదంటారు. స్కూలు పిల్లలు గుంపుగా వచ్చి నీడ వెంట చేతులు జరుపుతున్నారు. 2010లో యునెస్కో దీన్ని ప్రపంచ వారసత్వ జాబితాలో చేర్చింది. జై సింగ్ తన పట్టికలు రాయించినప్పుడు దుర్భిణిలో గురువు చుట్టూ నాలుగు చుక్కలు కనిపించిన సంగతి కూడా చేర్చాడు. అందులో గానిమీడ్ ఒకటి. ఆ మాట గుర్తొచ్చి, ఎండలో కాసేపు అలాగే నిలబడిపోయాను.

మేం ఎక్కువసేపు ఉన్నది రాశివలయ యంత్రం దగ్గర. పన్నెండు రాశులకి పన్నెండు చిన్న యంత్రాలు, ఒక్కోటి ఒక్కో దిక్కుకి, ఒక్కో వాలుతో. ఏ రాశి మధ్యాహ్న రేఖకి వస్తే ఆ యంత్రం పనిచేస్తుంది. సింహ రాశి యంత్రం ముందు నిలబడి బాబాయికి చెప్పాను: మనకి గురువు సింహంలో కనిపించే కాలంలో, గురువు దగ్గర ఉన్నవాళ్ళకి సూర్యుడు ఎదురు రాశిలో, కుంభంలో కనిపిస్తాడు. మన గోదావరి పుష్కరం వాళ్ళకి కుంభ సంక్రమణం.

ఆయన వెంటనే పట్టుకున్నారు. "సరే, మధ్యమ గురువా, స్ఫుట గురువా?"

పంచాంగం తెలిసినవాళ్ళు అడగాల్సిన ప్రశ్న అదే. గురువు కక్ష్య కొంచెం కోడిగుడ్డు ఆకారం. సూర్యుడికి దగ్గరగా ఉన్నప్పుడు వేగంగా, దూరంగా ఉన్నప్పుడు నెమ్మదిగా నడుస్తాడు. నిజంగా రాశి దాటే క్షణాన్ని, అంటే స్ఫుట గతిని పట్టుకుంటే ఒక సంవత్సరం సుమారు 46 వారాలు, ఇంకొకటి 55 వారాలు అవుతుంది. జీతాలకీ వయసులకీ అలాంటి ఏడాది పనికిరాదు. నడకని సమంగా సర్దిన మధ్యమ గతి తీసుకుంటే ఎప్పుడూ 50 లేదా 51. మనవాళ్ళు రెండూ ఉంచుకున్నారు: బార్హస్పత్య సంవత్సరానికి మధ్యమ గురువు, పుష్కరానికి స్ఫుట గురువు. లెక్కకి ఒకటి, పండగకి ఒకటి.

దీనికంటే మంచి పద్ధతి నాకు తట్టలేదు, తట్టాలని కూడా లేదు. మధ్యమ సూర్యుడు కొత్త రాశిలోకి వెళ్ళాక వచ్చే మొదటి గ్రహణంతో సంవత్సరం మొదలు. అధిక వారాలకి విడిగా పట్టిక అక్కర్లేదు, 51వ వారం రావాల్సినప్పుడు అదే వస్తుంది. స్ఫుట సంక్రమణానికి పుష్కరం. ఒక్కోసారి ఆ పండగ ఉగాది కంటే చాలా ముందే వచ్చేస్తుంది, ఒక్కోసారి చాలా ఆలస్యమవుతుంది. రానివ్వాలి. పండగ ఎప్పుడొస్తుందా అని పిల్లలు పంచాంగం తిరగేసేది అందుకే.

శుక్రవారం, వసంత పంచమి. జైపూర్

తిరుగు ప్రయాణం సాయంత్రం. పొద్దున్నే పసుపు రంగు బట్టల్లో ఊరంతా సరస్వతీ పూజ సందడి. మేం మాత్రం హోటల్ గదిలో కాగితాలు పరుచుకుని కూర్చున్నాం. శకం తేలాలి, పేర్లు తేలాలి.

శకానికి నేను ఎంచుకున్నది 1610 జనవరి 7, గెలీలియో గురువు పక్కన ఆ చుక్కల్ని మొదట చూసిన రాత్రి. దాని తర్వాత వచ్చిన మొదటి మధ్యమ రాశి ప్రవేశంతో ప్రభవ. అక్కడి నుంచి గురువు 35 చుట్లు తిరిగి వచ్చేసరికి కిందటి ఏప్రిల్ అవుతుంది. 35 చుట్లంటే అయిదేసి చొప్పున సరిగ్గా ఏడు షష్టి చక్రాలు, అంటే అరవై పేర్ల వరస ఏడుసార్లు. అంటే ఇప్పుడు నడుస్తున్నది ఎనిమిదో చక్రంలో మొదటి ఏడు. ఇంట్లో విశ్వావసు, ఉజ్జయినిలో సిద్ధార్థి, గానిమీడ్‌లో ప్రభవ. లెక్క రెండుసార్లు సరిచూసి బాబాయి పెన్ను కింద పెట్టేశారు.

పన్నెండు రాశులకి నదుల పేర్లే పెట్టాం. మేషానికి గంగ, వృషభానికి నర్మద, మిథునానికి సరస్వతి, అలా మీనానికి ప్రాణహిత దాకా. ఇప్పుడు గురువు మిథునంలో ఉన్నాడు. కిందటి మే నెలలో కాళేశ్వరంలో సరస్వతీ పుష్కరాలు జరిగింది అందుకే. గానిమీడ్ మీద నీళ్ళన్నీ మంచు కిందే, పారే ఏరు ఒక్కటీ లేదు. అయినా అక్కడ పుట్టిన పిల్లని "ఏ ఏడు పుట్టావమ్మా" అని అడిగితే "గోదావరి ఏడు" అని చెప్పాలి. ఈ విషయంలో నేనూ బాబాయీ ఒక్క క్షణం కూడా వాదించుకోలేదు.

వాదన ఓడల దగ్గర వచ్చింది. కలిస్టో చందమామ దూరంగా తిరుగుతుంది కాబట్టి కొన్నేళ్ళపాటు అక్కడ గ్రహణాలే ఉండవు. ఓడల్లో అసలు పగలూ రాత్రీ లేవు. వాళ్ళకి సమయం గానిమీడ్ నుంచి రేడియోలో రావాలి. "అయితే గానిమీడ్ మీద గురువు సరిగ్గా నడినెత్తిన ఉండే చోటు మీ ఉజ్జయిని. మిగతా అందరికీ దేశాంతర సంస్కారం" అన్నారు బాబాయి. మైళ్ళలో కాదు, వెలుగు నడిచే సమయంలో. కలిస్టోకి అది పది సెకన్లలోపే. భూమికైతే గురువు ఎక్కడున్నాడన్న దాన్ని బట్టి 33 నుంచి 54 నిమిషాలు. ఈ తేడా వల్లే 1676లో ఓలే రోమర్ వెలుగుకీ వేగం ఉందని పట్టుకున్నాడు, గురువు మొదటి చందమామ అయో గ్రహణాలు ఆలస్యంగా కనిపించడం చూసి.

మరి భూమి మీద ఉన్నవాళ్ళు గానిమీడ్ ఉగాది ఎప్పుడు చేసుకోవాలి, అక్కడ గ్రహణం పట్టినప్పుడా, ఆ వార్త ఇక్కడికి చేరినప్పుడా? చేరినప్పుడే అంటాను నేను. పట్టినప్పుడే అంటారు బాబాయి, మబ్బు పట్టిందని ఏకాదశి ఆగుతుందా అని. టాక్సీ వచ్చింది. ఈ నియమానికి కాగితం మీద ఖాళీ వదిలి సంచి సర్దుకున్నాం.